ముత్తాత పేరు ఏ పుస్తకంలో ఉంది?

ఏరు పుట్టుకా, ఋషి పుట్టుకా అడగకూడదని మన పెద్దల మాట. అమెరికావాళ్ళకి ఈ సామెత తెలీదు కాబట్టి, ఉద్యోగంలోంచి రిటైరవగానే చాలామంది మొట్టమొదట అడిగేది అదే. తాత ఎవరు, తాతకి తాత ఎవరు, ఏ ఊరినుంచి, ఏ ఓడలో, ఎందుకు వచ్చాడు అని.

మా నోవైలో చలికాలం చాలా పొడుగు. మా వీధి చివర ఉండే ఒక పెద్దాయనకి ఆ కాలమంతా ఇదే వ్యాపకం. ఆయన పూర్వులు స్కాచ్-ఐరిష్ వాళ్ళు. స్కాచ్ అనగానే మనవాళ్ళలో కొందరికి వేరే సంగతి గుర్తుకొస్తుంది గాని, ఇది సీసాకి సంబంధించింది కాదు, వంశానికి సంబంధించింది! ఆయనతో రెండు చలికాలాలు లైబ్రరీల వెంట తిరిగాను. అక్కడ తెలుసుకున్న సంగతులూ, వాటివల్ల మన తెలుగువాళ్ళ గురించి కలిగిన ఆలోచనలూ నలుగురితో పంచుకుందామని ఈ వ్యాసం.

ఎవరీ స్కాచ్-ఐరిష్ వాళ్ళు?

1603లో స్కాట్లండు రాజు ఆరవ జేమ్స్ ఇంగ్లండుకి కూడా రాజయ్యాడు. ఆ తరవాత కొద్ది ఏళ్ళకే, 1609 ప్రాంతంలో, ఐర్లండు ఉత్తర భాగమైన అల్‌స్టర్‌లో స్థానికుల భూములు లాక్కుని, వాటిలో స్కాట్లండునుంచీ ఇంగ్లండునుంచీ జనాన్ని తెచ్చి కాపురం పెట్టించటం మొదలయింది. అలా వెళ్ళినవాళ్ళలో స్కాట్లండు ప్రెస్బిటీరియన్లు చాలామంది. వందేళ్ళు గడిచాయి. కౌలు గడువు తీరినప్పుడల్లా భూస్వాములు కౌలు పెంచారు. 1704 చట్టంతో ప్రెస్బిటీరియన్లకి ప్రభుత్వ పదవులు దక్కకుండా పోయాయి. వానలు మొహం చాటేశాయి. 1718లో కొన్ని కుటుంబాలు తమ పాస్టర్లతో సహా ఓడలెక్కి బోస్టన్‌లో దిగాయి. అందులో కొందరు మరుసటి ఏడు న్యూహాంప్‌షైర్‌లో వేసుకున్న ఊరే లండన్‌డెర్రీ. విడిచి వచ్చిన ఊరి పేరే కొత్త ఊరికి పెట్టుకున్నారన్నమాట. అమెరికా స్వాతంత్ర్య యుద్ధం మొదలయ్యేలోగా వచ్చినవాళ్ళు లక్ష అని కొందరు చరిత్రకారులూ, రెండున్నర లక్షలని కొందరూ లెక్క కట్టారు. ఎక్కువమంది ఫిలడెల్ఫియా దగ్గర దిగి, పెన్సిల్వేనియామీదుగా వర్జీనియా, కరోలినా కొండల వైపు సాగిపోయారు.

ఒకసారి ఊరు విడిచి అల్‌స్టర్‌కి, మరోసారి సముద్రం దాటి అమెరికాకి. రెండుసార్లు వలస పోయినవాళ్ళు. అందుకే వాళ్ళ మూలం వెతకటం రెండింతల కష్టం.

కథ వేరు, కాగితం వేరు

ఆయన నాకు నేర్పిన మొదటి పాఠానికి ఉదాహరణ మా ఊరి పేరే. నోవై అన్న పేరు ఎలా వచ్చిందని ఎవర్ని అడిగినా ఒకే కథ చెపుతారు. ఇక్కడ ఆరో నంబరు టోల్ గేటు ఉండేదనీ, కాదు రైలు స్టేషనే ఆరో నంబరనీ, రోమన్ అంకెల్లో రాసిన ఆ ‘నంబరు ఆరు’ కలిసిపోయి నోవై అయిందనీ. వినటానికి ఎంతో బాగుంటుంది. కాని ఊరికి ఈ పేరు పెట్టింది 1832లో. ఆ రైలూ, ఆ టోలు రోడ్డూ ఆ తరవాత ఎప్పటికో వచ్చినవి. ఎమరీ అనే డాక్టరుగారి భార్య ఈ పేరు సూచించిందని ఊరి చరిత్రలో ఉంది. ఎరాస్టస్ ఇంగర్‌సాల్ ఇక్కడ మొదటి ఇల్లు వేసుకున్నది 1825లో. ఈరీ కాలువ పూర్తయింది కూడా ఆ ఏడాదే. ఆ కాలువ పుణ్యమా అని న్యూయార్క్ రాష్ట్రంనుంచి జనం మిషిగన్‌కి తరలి వచ్చారు. వాళ్ళు ప్రభుత్వం దగ్గర భూమి కొన్న పట్టాలు ఈనాటికీ చూడొచ్చు.

ఇంట్లో చెప్పుకునే కథని పారెయ్యకూడదు, కాని తారీకుతో సరిచూడకుండా నమ్మకూడదు. మన ఇళ్ళల్లో ‘మా ముత్తాతలు విజయనగర రాజుల దగ్గర దండనాయకులు’ అనే కథలు ఎన్ని లేవు!

లెక్క రాసేవాడి అవసరం

డెట్రాయిట్ పబ్లిక్ లైబ్రరీలో బర్టన్ హిస్టారికల్ కలెక్షన్ అని ఒక విభాగం ఉంది. క్లారెన్స్ బర్టన్ అనే లాయరు జీవితమంతా పోగుచేసి లైబ్రరీకి ఇచ్చేసిన పుస్తకాలూ కాగితాలూ దానికి పునాది. ఇండియానాలోని ఫోర్ట్ వేన్‌లో ఎలెన్ కౌంటీ లైబ్రరీ ఉంది. వంశ చరిత్రలకి దేశంలోకెల్లా పెద్ద భాండాగారాల్లో అదొకటి. ఈ రెండు చోట్లా మా పెద్దాయన వరసగా చూసిన పుస్తకాల్ని చూస్తే నాకొక విషయం తట్టింది. వాటిలో ఒక్కటీ ఆయన పూర్వుల్ని గుర్తుంచుకుందామని రాసింది కాదు!

1796లో ఐర్లండులో అవిసె సాగుని పెంచటానికి ప్రభుత్వం ఒక పథకం పెట్టింది. ఇంత విస్తీర్ణంలో అవిసె వేస్తే ఇన్ని రాట్నాలు బహుమతి. రాట్నాలు పుచ్చుకున్నవాళ్ళ జాబితాలో సుమారు 60 వేల పేర్లున్నాయి. వాళ్ళలో ఎక్కువమంది అల్‌స్టర్ రైతులు. 1847నుంచి 1864 దాకా పన్ను వెయ్యటానికి ఊరూరా ఇళ్ళూ పొలాలూ కొలిచి, ఎవరు ఎవరి దగ్గర కౌలుకున్నారో అచ్చేశారు. దాన్ని గ్రిఫిత్ వాల్యుయేషన్ అంటారు. వర్జీనియాలో అగస్టా కౌంటీ కోర్టు దస్తాలని లైమన్ చాక్లీ తిరగేసి, 1912లో మూడు సంపుటాలుగా సారాంశం అచ్చు వేయించాడు. దానినిండా అప్పులూ, సరిహద్దు తగాదాలూ, వీలునామాలే. ఎవడో పక్కవాడి పంది తన చేలో పడిందని కోర్టుకెక్కాడు కాబట్టే రెండొందల యాభై ఏళ్ళ తరవాత వాడి పేరు మనవళ్ళకి దొరుకుతోంది.

ఇన్ని రాతలున్నా పోయినవి పోయాయి. 1922 జూన్ 30న డబ్లిన్‌లో అంతర్యుద్ధంలో పబ్లిక్ రికార్డ్ ఆఫీసు తగలబడి, ఏడు శతాబ్దాల కాగితాలు బూడిదయ్యాయి. 1821నుంచి 1851 దాకా తీసిన జనాభా లెక్కల్లో మిగిలినవి కొద్ది తునకలే. అంతకు ఏడాదిన్నర ముందే, 1921 జనవరిలో, వాషింగ్టన్‌లో అగ్నిప్రమాదం జరిగి అమెరికా 1890 జనాభా లెక్కలు దాదాపు పూర్తిగా నాశనమయ్యాయి. డబ్లిన్‌లో కాలినవాటికి వేరేచోట్ల ఉన్న నకళ్ళు పోగుచేసి 2022లో కంప్యూటర్లో అందరికీ అందుబాటులో పెట్టారు. నకలు ఉన్నది బతికింది, లేనిది పోయింది.

ఓడ జాబితాలో ఎవరి పేరుంది?

1718లో వచ్చిన అల్‌స్టర్ వాడి పేరు ఓడ జాబితాలో దొరకటం బహు అరుదు. వాడు బ్రిటిష్ రాజు ప్రజ, బ్రిటిష్ వలసరాజ్యానికే వస్తున్నాడు, కాబట్టి ఎవరూ రాసుకోలేదు. పెన్సిల్వేనియాలో దిగిన జర్మన్లు పరదేశీయులు గనక, 1727నుంచి వాళ్ళచేత ప్రమాణం చేయించి సంతకాలు పెట్టించుకున్నారు. ఓడల్లో వచ్చేవాళ్ళందరి జాబితాలూ ఇవ్వాలని అమెరికా ప్రభుత్వం చట్టం చేసింది 1819లో.

సరే, ఇప్పుడు మన సంగతి చూడండి. 1860 నవంబరు 16న ట్రూరో అనే ఓడ మద్రాసునుంచి 342 మంది ఒప్పంద కూలీలతో దక్షిణాఫ్రికాలోని డర్బన్ చేరింది. అది మొదలు 1911 వరకూ నేటాల్‌కి మొత్తం 1,52,184 మంది వెళ్ళారు. వాళ్ళలో విశాఖపట్నం, ఉత్తర ఆర్కాటు వంటి జిల్లాలనుంచి వెళ్ళిన తెలుగువాళ్ళు వేలమంది. ప్రతి మనిషికీ ఒక నంబరు. పేరు, తండ్రి పేరు, వయసు, కులం, జిల్లా, తాలూకా, ఊరు, ఎత్తు, ఒంటిమీద మచ్చలు, అన్నీ రాసుకున్నారు. ఆ జాబితాలు ఈనాటికీ ఉన్నాయి. మారిషస్‌లో మహాత్మా గాంధీ ఇన్‌స్టిట్యూట్ భద్రపరిచిన కాగితాల్లో అయితే కూలీల ఫొటోలు కూడా ఉన్నాయి.

స్వేచ్ఛగా వచ్చినవాడికి రాత లేదు, కట్టుబడి పోయినవాడికి కాలిమీది మచ్చతో సహా రాత ఉంది. గౌరవించి రాసింది కాదది. పారిపోతే పట్టుకోవటానికి రాసింది. కాని ఇవాళ డర్బన్‌లోని ఒక తెలుగు కుటుంబానికి తమ మూలపురుషుడి ఊరు చెప్పే కాగితం అదొక్కటే.

అందులోనూ ఒక లోటుంది. ఆ జాబితాలో ఇంటిపేరుకి గడి లేదు. రాసినవాడికి దాంతో పని లేదు కాబట్టి అడగలేదు. కాలక్రమాన తండ్రి పేరో, కులం పేరో ఇంటిపేరై కూర్చుంది. అక్కడ ‘నాయుడూ’ అని వేల కుటుంబాలున్నాయి, కాని వాళ్ళ అసలు ఇంటిపేర్లు చాలా ఇళ్ళల్లో మరుపున పడ్డాయి. ఊరి పేరు కూడా గుమాస్తా చెవికి ఎలా వినబడితే అలా రాశాడు. ఆ స్పెల్లింగు పట్టుకుని ఊరు వెతుక్కోవటం ఎంత కష్టమో ఊహించుకోండి.

మనకేమున్నాయి?

‘మనవాళ్ళు ఏమీ రాసుకోలేదండీ’ అనటం మనకి అలవాటు. అది పూర్తిగా నిజం కాదు. ఊళ్ళో కరణాలు కవిలెలు రాశారు. ఆ కవిలెల ఆధారంగా ఊళ్ళ వృత్తాంతాలు రాయించి కైఫియత్తులుగా పోగుచేయించిన కాలిన్ మెకంజీ స్కాట్లండులోని స్టోర్నవే ఊరివాడు. మన కావలి బొర్రయ్య, లక్ష్మయ్య సోదరులు లేకపోతే ఆయన పని సాగేది కాదు. ఆయన 1821లో పోయాక సి.పి. బ్రౌన్ వాటిలో చాలాభాగానికి నకళ్ళు రాయించాడు. ఊరు ఎవరు కట్టారు, కరణీకం మిరాశీ ఎవరిది, మాన్యం ఎవరికిచ్చారు అన్న సంగతులు వాటిలో దొరుకుతాయి.

తరవాత 1858లో ఇనాం కమిషన్ వచ్చింది. మాన్యాలు అనుభవిస్తున్నవాళ్ళ హక్కుల్ని పరిశీలించి రిజిస్టర్లకి ఎక్కించింది. ఆపైన సర్వే సెటిల్‌మెంటు రిజిస్టర్లు, అడంగళ్ళు. తెలంగాణలో సేత్వార్లు, పహాణీలు. వాటిలో పాతవి ఉర్దూలో ఉంటాయి, చదివిపెట్టేవాళ్ళని వెతుక్కోవాలి. కరణం ఉద్యోగం 1984లో రద్దయింది. వాళ్ళ ఇళ్ళల్లో అటకలమీద ఉండిపోయిన పాత కట్టలకి చెదలే దిక్కు.

కాశీ, గయ, హరిద్వారాల్లో పండాల పుస్తకాలు మరో ఆధారం. యాత్రకి వెళ్ళినవాళ్ళ పేర్లూ, ఊళ్ళూ వాటిలో ఉంటాయి. హరిద్వారం పుస్తకాల్లో కొన్నిటిని యూటాలోని మోర్మన్ చర్చికి చెందిన వంశచరిత్ర సంస్థ మైక్రోఫిల్ము కూడా తీసింది. ఇక కాగితంతో పనిలేని వాళ్ళు పిచ్చిగుంట్లవాళ్ళు, భట్రాజులు. ఇంటింటికీ వచ్చి గోత్రమూ వంశమూ పొగుడుతూ తరతరాల పేర్లు అప్పజెప్పేవాళ్ళు. వాళ్ళకింత ధాన్యం పెట్టి పంపేవారు మన తాతలు. ఒక రకంగా అది లైబ్రరీ చందాయే.

అన్నిటికన్నా పాత అలవాటు తర్పణం. తండ్రి, తాత, ముత్తాత, మూడు తరాల పేర్లు గోత్రంతో చెప్పాలి. తల్లి, నాయనమ్మ, ఆమె అత్తగారు, వాళ్ళ పేర్లూ చెప్పాలి. అమ్మవైపు తాతలకీ అమ్మమ్మలకీ కూడా వదలాలి. ప్రభుత్వం ఎన్నడూ అడగని ఆడవాళ్ళ పేర్లు మన కర్మకాండ అడిగి చెప్పించింది. తర్పణాలు లేని ఇళ్ళల్లోనూ సంక్రాంతినాడు కొత్తబట్టలు పెట్టి, పేరు పేరునా పెద్దలకి పెట్టుకుంటారు.

ఇంకొక పోలిక చెపితే ఆశ్చర్యపోతారు. స్కాచ్-ఐరిష్ ఇళ్ళల్లో పెద్దకొడుక్కి తండ్రి తండ్రి పేరు, రెండోవాడికి తల్లి తండ్రి పేరు పెట్టటం ఆనవాయితీ. పెద్దకూతురికి అమ్మమ్మ పేరు. పిల్లల పేర్లు చూసి తాతల పేర్లు ఊహించే ఈ ఉపాయం మా పెద్దాయన చెపుతుంటే, మాకూ అంతేనండీ, తాత పేరు మనవడికి పెట్టుకుంటాం అన్నాను. మీ వంశవృక్షం ఏదీ, చూపించు అన్నాడు.

మా తాతమ్మ దస్తావేజు

మా తాతగారు నోటుపుస్తకంలో ఏడు తరాల వంశవృక్షం రాశారు. మగవాళ్ళవి ఏడు తరాల పేర్లూ ఉన్నాయి. పక్కన ఆడవాళ్ళకి ‘భార్య’ అని మాత్రం రాసి ఉంది. తర్పణాల్లో చెప్పే పేర్లవల్ల మూడు తరాలు పూరించగలిగాను. మా నాయనమ్మ తల్లి, అంటే మా తాతమ్మ, ఎవరింటి పిల్లో, ఏ ఊరో చెప్పగలిగినవాళ్ళెవరూ బతికిలేరు. ఆవిడ పేరు కూడా మా ఇంట్లో ‘అమ్మమ్మగారు’ అనే!

మా పెద్దాయన పద్ధతే పట్టుకున్నాను. ఆయన ఆడవాళ్ళ పుట్టింటి పేర్లు వెతికేది వాళ్ళ తండ్రుల వీలునామాల్లో. ఫలానావాడి భార్య అయిన నా కూతురికి ఒక ఆవు, ఒక పరుపు అని రాసిన చోట చుట్టరికం బయటపడుతుంది. మనకి వీలునామాలు తక్కువ గాని, పసుపు కుంకుమలకింద కూతురికి భూమి రాసివ్వటం ఉంది కదా. గుంటూరు జిల్లాలో ఉన్న మా పినతండ్రి కొడుకుని బతిమాలితే, సబ్‌రిజిస్ట్రారు ఆఫీసు చుట్టూ అయిదుసార్లు తిరిగి, 1920ల నాటి ఒక దస్తావేజు నకలు పంపించాడు. మా తాతమ్మ తన కూతురికి ఎకరంన్నర మాగాణి రాసిచ్చింది. అందులో ఆవిడ పేరుంది. ఎవరి భార్యో ఉంది. ‘నా తండ్రిగారు నాకు పసుపు కుంకుమలక్రింద ఇచ్చిన భూమి’ అన్నచోట ఆయన ఇంటిపేరు, పేరు, ఊరు ఉన్నాయి. చివర సంతకం ఉండవలసిన చోట ‘నిశాని’ అని ఉంది.

ఆవిడకి రాయటం రాదు. ఆవిణ్ణి గురించి ఎవరూ రాయలేదు. నాలుగు హద్దులూ సరిగ్గా ఉండాలని ఒక దస్తావేజు లేఖరి రాసిన రాతలో ఆవిడ చిక్కింది. ఆ ఎకరంన్నర లేకపోతే? పొలం లేని ఇళ్ళ ఆడవాళ్ళ మాటేమిటి? ఈ ప్రశ్నకి నాకు ఇప్పటికీ జవాబు లేదు. డీఎన్ఏ పరీక్షలు చుట్టరికం ఉందని చెపుతాయిగాని పేరు చెప్పవు.

మన వంతు

ఈ దేశంలో మన వంశవృక్షాల మొదట్లో ఉండబోయేది మనమే. మన గురించి ఏ కాగితాలు ఉండబోతున్నాయో ఆలోచించండి. అమెరికా జనాభా లెక్కల వివరాలు 72 ఏళ్ళు గడిచాక బయటపెడతారు. 1950 నాటివి 2022 ఏప్రిల్‌లో వచ్చాయి. 1965 చట్టం తరవాత వచ్చిన మొదటి తెలుగు డాక్టర్లూ ఇంజనీర్లూ 1970 లెక్కల్లో ఉంటారు. అవి 2042లో వస్తాయి. అప్పుడు వెతికే మనవలకి ఒక వింత కనబడుతుంది. 1970లో భారతీయుల్ని తెల్లవాళ్ళ కింద లెక్కవేశారు. ఆ తరవాత మనకంటూ విడిగా గడి పెట్టింది 1980లో. లెక్క రాసేవాడి అవసరం ఇలా ఉంటుంది!

పేర్ల సంగతి మరీ చిక్కు. ఒకే తల్లి పిల్లల్లో అన్న పాస్‌పోర్టులో ఇంటిపేరు ‘లాస్ట్ నేమ్’ అయింది, తమ్ముడికి సొంతపేరే ఆ గడిలో పడింది. వందేళ్ళ తరవాత వీళ్ళిద్దరూ అన్నదమ్ములని ఏ లైబ్రరీ చెపుతుంది? నేటాల్‌లో ఇంటిపేరుని గుమాస్తా అడగలేదు. ఇక్కడ మనల్ని అడుగుతూనే ఉన్నారు, మనమే ఒక్కొక్కరం ఒక్కొక్కలా నింపుతున్నాం.

అందుకని నా మనవి ఇది. ముందు పెద్దవాళ్ళని అడగండి. కాగితాలు ఆగుతాయి, వాళ్ళు ఆగరు. ఫోనులో రికార్డు చేయండి. ప్రతి ఆడమనిషి పేరు పక్కనా పుట్టింటి ఇంటిపేరూ, ఊరూ రాయండి. ప్రతి పేరూ తెలుగు లిపిలో ఒకసారి, పాస్‌పోర్టులో ఉన్నట్టు ఒకసారి రాయండి. ఫొటోల వెనక పెన్సిలుతో ఎవరెవరో, ఏ సంవత్సరమో రాయండి. ఎవరు చెప్పారో, ఎప్పుడు చెప్పారో కూడా రాస్తే కథకీ కాగితానికీ తేడా తరవాతివాళ్ళకి తెలుస్తుంది. నకలు ఒకటి ఇక్కడా, ఒకటి ఇండియాలో చుట్టాల దగ్గరా ఉంచండి. డబ్లిన్ కథ మరిచిపోవద్దు.

ఈ సంక్రాంతికి మీ ఇంట్లో పెద్దలకి పెట్టుకునేటప్పుడు ఆ పేర్లు పైకి చదవండి. పిల్లల్ని పక్కన కూర్చోబెట్టి వాళ్ళ చేతే రాయించండి. తెలుగు అక్షరాలు వంకరగా వచ్చినా ఫరవాలేదు. మన అవసరంకోసం, మన చేతులతో మనం రాసుకున్న మొదటి జాబితా అదే అవుతుంది.

అందరికీ సంక్రాంతి శుభాకాంక్షలు.